ఒంటినీడ

జూన్ 9, సోమవారం. విత్తుల నెల, రెండు నీడలు.

క్యాంటీన్‌లో ఉప్మా తింటున్నాను. పక్కనున్న అంకిత ఫోన్‌లోంచి, ఆ గోలలో పోల్చుకోలేని ఒక ఆడగొంతు, "ఒంటినీడ రోజున ఇచ్చిన మాట మాట కాదు" అంది. చెంచా నోటి దగ్గరే ఆగిపోయింది.

ఆ మాట ఈ భూమ్మీద ఇద్దరికే తెలియాలి. నాకు, నా స్నేహితురాలు దీప్తికి.

అంకితా నేనూ ఒకే రోజు ప్యాకింగ్ సెక్షన్‌లో చేరాం. తనకు నా సంగతులు చాలా తెలుసు కానీ ఇది తెలియదు. ఏం వింటున్నావని మామూలుగా అడిగాను. కథల యాప్ అంది. కథ పేరు 'రెండు నీడల సీమ' అట, రోజుకో భాగం వస్తుందట, వాళ్ల హాస్టల్‌లో అమ్మాయిలంతా అదే వింటున్నారట. ఆ లోకంలో ఆకాశాన ఇద్దరు సూర్యులు ఉంటారని, మనిషికి రెండు నీడలు పడతాయని ఎంతో ఓపిగ్గా నాకే వివరించింది. నేను తలూపుతూ విన్నాను. రాసిందెవరని అడిగితే, "దీప్తి అంట. మన సంగారెడ్డామెనే" అంది.

సరే. దీప్తి నాకు చెప్పకుండా దాచిందంటే ఏదో కారణం ఉండే ఉంటుంది. వచ్చే నెల నా పుట్టినరోజు. దానికోసమే దాచి ఉంటుంది. ఇలాంటి వేషాలు దానికి అలవాటే.

జూన్ 10. రెండు నీడలు.

రోజూలాగే పొద్దున్నే దీప్తికి 'రెండు నీడలు' అని మెసేజ్ పెట్టాను. రోజూలాగే బొటనవేలి బొమ్మ వచ్చింది. ఫోన్ చేస్తే మాత్రం ఎత్తలేదు.

జూన్ 11. రెండు నీడలు.

ఎత్తలేదు. విత్తనాల గిరాకీ మరి. వానలు మొదలయ్యాయంటే దాని అత్తగారి కొట్లో నిలబడే చోటు కూడా ఉండదు పాపం.

జూన్ 13, శుక్రవారం. రెండు నీడలు.

సుల్తాన్‌పూర్ ఫ్యాక్టరీ నుంచి ఇంద్రేశం దాకా బస్సులో చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని వింటూనే వచ్చాను. ఇంటికొచ్చి మళ్లీ విన్నాను. బాగుంది. అదే బాధ. దీప్తి గొంతులో ఆ లోకం నేను అనుకున్నదానికంటే బాగుంది.

రెండో భాగంలో ఒక పిల్ల కోట గుమ్మం దగ్గర రెండు దీపాల మధ్య నిలబడి నాన్న కోసం ఎదురుచూస్తుంది. కాళ్ల కింద రెండు నీడలు పడితే ఒకటి తనది, ఇంకొకటి ఇంకా రాని నాన్నది అనుకుంటుంది. ఆ పిల్ల నేనే. అది కోట కాదు, నాన్న పనిచేసిన ప్లాంటు గేటు. సాయంత్రం నాన్నకు టిఫిన్ డబ్బా ఇవ్వడానికి అమ్మతో వెళ్లేదాన్ని. ఆ గేటుకు రెండు వైపులా రెండు పెద్ద లైట్లు ఉండేవి.

డిగ్రీలో పటాన్‌చెరు నుంచి సంగారెడ్డి కాలేజీకి బస్సులో వెళ్తూ ఇదంతా దీప్తికి చెప్పాను. వెంటనే అది, "అయితే గా లోకంల రెండు పొద్దులు ఉండాలె" అంది. పెద్దపొద్దు, చిన్నపొద్దు. న్యాయంగా చెప్పాలంటే పొద్దులు దానివి, నీడలు నావి. కథలు దానివి, పొద్దులెక్క నాది. మేము క్యాలెండర్ అనలేదు ఎప్పుడూ, పొద్దులెక్క అనేవాళ్లం. ఆ బస్సులో మొదలుపెట్టిన రోజు నుంచి ఇక్కడి ప్రతి రోజుకూ అక్కడొక రోజు ఉంది. నేను ఒక్క రోజు కూడా లెక్క తప్పలేదు.

అమ్మ పంచాంగం పిచ్చి నాకు పనికొచ్చింది ఇక్కడే. మూఢం వస్తే అమ్మ పెళ్లి మాట ఎత్తదు, గృహప్రవేశానికి పిలిస్తే మొహం చిట్లిస్తుంది. మా లోకంలోనూ అలాంటి రోజులు పెట్టాను. చిన్నపొద్దు వెళ్లి పెద్దపొద్దు వెనక దాక్కునే రోజులు. అప్పుడు మనిషికి ఒక్క నీడే. రెండో నీడ సాక్షి కాబట్టి, సాక్షి లేని రోజున ఇచ్చిన మాట చెల్లదు.

అధికమాసం కూడా పెట్టాను. చిన్నపొద్దు కాస్త బద్ధకస్తురాలు, నడకలో వెనకబడుతుంది. అప్పుడప్పుడూ ఒక అరువు నెల కలిపితేనే మళ్లీ వరసకొస్తుంది. కలపకపోతే ఒంటినీడ జరుగుతూ జరుగుతూ పోయి జోడెండల పండుగ మీద పడుతుంది. ఆ పండుగ ఇద్దరు సూర్యులూ నడినెత్తిన ఉండగా చేసుకోవాల్సింది. దీప్తికి ఈ అరువు నెల ఎప్పుడూ ఎక్కలేదు. "గదెవరికి యాదుంటది, తీసెయ్ రాదు" అనేది.

ఒట్టు వెయ్యమని నేను అడగ్గా అడగ్గా పోయిన ఏడాది మార్చిలో ఒక గురువారం మాట ఇచ్చింది కదా. పటాన్‌చెరు బస్టాండ్ దగ్గర చెరుకురసం తాగుతూ నా నెత్తి మీద చెయ్యి పెట్టి, "నువ్వు లేకుంట ఇందులకెళ్లి ఒక్క ముక్క బయటికి పోదు" అంది. నేనూ దాని నెత్తి మీద చెయ్యి పెట్టి అదే మాట అన్నాను. ఆదివారం కలుద్దామంటే వినకుండా గురువారమే రమ్మంది. నాకు సెలవు కూడా దొరకలేదు, షిఫ్టు దిగి యూనిఫాంలోనే పరిగెత్తాను.

అలాంటి మనిషి ఎందుకు చేస్తుంది. చెయ్యదు.

జూన్ 15, ఆదివారం. రెండు నీడలు.

నాన్న కూడా వింటున్నారు. రిటైరై ఇన్నేళ్లయినా ఇప్పటికీ టైము షిఫ్టుల్లోనే చెబుతారు. "పొద్దున ఎ షిఫ్టు ఎక్కే వేళకి వస్తుందమ్మా మీ కథ" అన్నారు. మీ కథ అన్నారు.

"ఆ గేటు లైట్లు మనవే కదూ. దీప్తి బాగా చెప్పింది. చివర్లో పేర్లు చదువుతారు కదా, నీ పేరు వస్తుందేమోనని రోజూ ఆఖరిదాకా వింటున్నాను. ఇంకా రాలేదు."

చివర్లో వస్తుందిలే నాన్నా అన్నాను. ఎందుకన్నానో తెలియదు.

జూన్ 17. రెండు నీడలు.

నేను ఇన్నాళ్లూ భాగం అయిపోగానే ఆపేస్తున్నాను. ఇవాళ ఆపకుండా విన్నాను.

రచన, గళం: దీప్తి. పొద్దులెక్క: జయంత్.

జయంత్ దాని మొగుడు. వాళ్ల పెళ్లయిన కొత్తలో ఒకసారి నా ముందే, "మీకు గీ ఒక్క సూర్యుని ఎండ సాలదా" అని పకపకా నవ్విన మనిషి. రేగడి నేలకు ఏ పత్తి విత్తనం వెయ్యాలో చెప్పగలడు. చిన్నపొద్దు ఏ వైపు నుంచి వస్తుందో అడిగితే గుటకలు మింగుతాడు.

అన్నం తినలేదు. కడుపునొప్పి అని అమ్మకు చెప్పాను. వాము నీళ్లు ఇచ్చింది, తాగాను.

జూన్ 18.

పేరు టైపు చేసినవాళ్లు పొరపాటు పడి ఉండొచ్చు.

జూన్ 19.

పొరపాటు కాదు. ఎవరికి చెబుతున్నాను నేను.

జూన్ 22, ఆదివారం. మొలకల నెల, రెండు నీడలు.

దీప్తి వచ్చింది. ఫోన్ ఎత్తని మనిషి, చెప్పాపెట్టకుండా బాలుషాహీ డబ్బా పట్టుకుని ఇంటికే వచ్చింది. అమ్మ ఎంత మురిసిపోయిందో. పెసరట్లు వేసింది, చిక్కిపోయావే అంది, అత్తగారు శకుంతల గారు ఎలా ఉన్నారని అడిగింది. నాన్న కథ బాగుందని మెచ్చుకున్నారు. దీప్తి నవ్వుతూ నా వైపు చూడకుండా తింది. ఆ పూట మా ఇంట్లో నేనొక్కదాన్నే చుట్టాన్ని.

తర్వాత మేడ మీదకు వెళ్లాం. అమ్మ మాగాయకు ముక్కలు ఎండబెట్టింది, మబ్బు పడుతోందని వాటిని తీస్తూ మాట్లాడుకున్నాం. చేతులకు పని ఉండటం మంచిదైంది.

క్షమించమని అడగడానికి వచ్చిందనుకున్నాను. అరువు నెల గురించి అడగడానికి వచ్చింది. యాప్‌లో ప్రతి భాగం మొదట్లో 'ఈ రోజు సీమలో ఫలానా రోజు' అని చెబుతారు. వినేవాళ్లు దాన్ని పట్టుకుని లెక్కలు కట్టుకుంటున్నారట. ఈ లెక్కన జోడెండల పండుగ నాడే ఒంటినీడ వస్తోంది, ఇదెలా కుదురుతుందని వందల మంది అడుగుతున్నారట. జయంత్‌ను అడిగితే నాకేం తెలుసన్నాడట.

"నా పేరు పెట్టి ఉంటే నన్నే అడిగేవాళ్లు కదా" అన్నాను.

దీప్తి తలెత్తకుండా ముక్కలు తీస్తూనే చెప్పింది. చెబుతాననే అనుకుందట, వీలు కాలేదట. కథ కోసం మైకు, గది, ఒక పూట తీరిక కావాలంటే అత్తగారు ఒప్పుకోలేదట. కొడుకు పేరు కూడా ఉంటుందంటే ఒప్పుకుందట. అప్పుడు దీప్తి అన్న మాటలు ఉన్నవి ఉన్నట్టు రాస్తున్నాను.

"మా ఆయన పేరు లేకుంటే మా అత్తమ్మ నన్ను మైకు ముందట కూసోనిస్తదా? నీకు నౌకరి ఉన్నది, ఐడీ కార్డు ఉన్నది, పొద్దుగాల నీ పేరు మీద బస్సు వస్తది. నాకేమున్నదే? గల్లాపెట్టె తాళం గుడ నాది కాదు."

నిజమే చెప్పింది. అది చెబుతుంటే నాకు జాలేసింది కూడా. జాలేస్తున్నందుకు నా మీద నాకే ఒళ్లు మండింది.

"మరి ఆ గురువారం నా నెత్తి మీద చెయ్యి పెట్టి ఎందుకు చెప్పావు?"

దీప్తి నవ్వింది. డిగ్రీ పరీక్షలో నా పేపరు చూసి రాసి, బయటికొచ్చాక నవ్వినట్టే.

"గా దినం ఒంటినీడ కదనే. నీ పొద్దులెక్కనే సూసుకొని పిలిచిన. గప్పటికే యాప్‌వోళ్లతోని మాట అయిపోయింది. ఒట్టు పడొద్దని గా దినమే పిలిచిన. నేను మాట తప్పలేదు, ప్రసన్నా. నీ లెక్క ప్రకారమే తప్పలేదు."

వాన మొదలైంది. ముక్కలన్నీ తీసేశాం, ఒక్కటి కూడా తడవలేదు. పోయేముందు, "అరువు నెల సంగతి జెర జల్దీ చెప్పు" అంది.

జూన్ 23.

ఆదివారం కాదు గురువారమే రా అంది. నేను యూనిఫాంలో పరిగెత్తాను.

జూన్ 24, మంగళవారం. మొలకల నెల, రెండు నీడలు.

లెక్క కట్టాను. ఆదివారమే కట్టాల్సింది, భయమేసి కట్టలేదు.

పోయిన ఏడాది ఫిబ్రవరిలో అరువు నెల పడింది. నేను కలిపాను. దానికి చెప్పాను కూడా, సరే సరే అంది. అది కలపలేదు. కలపకపోతే ఆ గురువారం ఒంటినీడే. కలిపితే ఒంటినీడ ఇంకా నెల దూరంలో ఉంది. ఆ రోజు చిన్నపొద్దు నడినెత్తిన ఉంది. మేమిద్దరం చెరుకురసం గ్లాసులతో రెండేసి నీడల మీద నిలబడ్డాం. ఆ పొద్దున నేను పెట్టిన మెసేజ్‌లోనూ అదే ఉంది, దీప్తి చదవకుండానే బొటనవేలి బొమ్మ పెట్టింది.

అంటే ఒట్టు పడింది. దాని మీద పడింది, నా మీదా పడింది.

అంకితకు ఇవాళ అంతా చెప్పేశాను. తను తిట్టిన తిట్లు ఇక్కడ రాయలేను. యాప్‌వాళ్లకు ఫిర్యాదు పెట్టు, పాత మెసేజ్‌లన్నీ ఉన్నాయి కదా, ఒక్క పూటలో పేరు మారుతుంది అంది. ఉన్నాయి. రోజుకొకటి ఉన్నాయి.

కానీ నేను లేకుండా నువ్వు, నువ్వు లేకుండా నేను ఇందులో ఒక్క ముక్క బయటపెట్టం అన్నది కదా ఒట్టు. ఫిర్యాదుతో ఆ మెసేజ్‌లు పంపితే దీప్తి లేకుండా నేను బయటపెట్టినట్టే. దీప్తి తప్పుడు లెక్క పట్టుకుంటే ఆ ఒట్టు చెల్లదు, నేను వెళ్లి ఫిర్యాదు పెట్టుకోవచ్చు. నా లెక్క పట్టుకుంటే నేను నోరు మూసుకోవాలి. నా లెక్కే సరైనది. దాన్ని సరిగ్గా కట్టింది నేనే.

నవ్వొచ్చింది. చాలాసేపు నవ్వాను. అమ్మ వచ్చి చూసి వెళ్లింది.

జూన్ 26. రెండు నీడలు.

ఇవాళ్టి భాగంలో మళ్లీ తప్పు రోజు చెప్పింది. నా లెక్కను ఊరంతా తప్పుగా వింటోంది. నా పేరు లేకపోయినా అది నాదే కదా, సిగ్గేసింది.

దీప్తికి వాయిస్ మెసేజ్ పెట్టాను. మూడోసారికి కుదిరింది. అరువు నెల ఎప్పుడెప్పుడు కలపాలో చెప్పాను. పోయిన ఏడాది ఫిబ్రవరిలో కలపాలి, అక్కడి నుంచి ఒక్కో రోజూ జరుపుకుంటూ ఇప్పటిదాకా రావాలి, మధ్యలో ఏ రోజూ వదలొద్దు అన్నాను. మార్చి కూడా దారిలోనే ఉంటుంది అన్నాను. అంతకుమించి ఏమీ అనలేదు.

మార్చిలోని ఆ గురువారాన్ని దాటకుండా దీప్తి ఇవాళ్టి తేదీకి రాలేదు. దాటేటప్పుడు తెలుస్తుంది. తెలిస్తే నాకు ఫోన్ చేస్తుంది. నాకు కావాల్సింది పేరు కాదు. ఆ ఫోన్.

జూన్ 27.

నీలం టిక్కులు పడ్డాయి.

జూన్ 28.

లేదు.

జూన్ 29.

దానికి లెక్కలంటే మొదటి నుంచీ భయం. టైం పడుతుంది.

జూలై 2, బుధవారం. రెండు నీడలు.

అంకిత ఏడుస్తూ లంచ్‌కొచ్చింది. ఇవాళ్టి భాగం విని ఏడ్చిందట. నేను తిట్టాల్సినదాన్ని పట్టుకుని ఏడ్చానే అని తనే నొచ్చుకుంది. నువ్వూ వినాలి అంది.

విన్నాను.

సీమలో పొద్దులెక్కల పెద్ద, కోట మీద నిలబడి అందరినీ పిలుస్తాడు. ఒక అరువు నెలను మరిచిపోయామని, అప్పటి నుంచి రోజులన్నీ జరిగాయని ఒప్పుకుంటాడు. ఒంటినీడ అనుకుని ఆడిన మాటలన్నీ ఎవరికి వారు మళ్లీ లెక్క చూసుకోండి అంటాడు. ఒక ఆడమనిషి ఇంటికి పోయి లెక్క చూసుకుంటుంది. ప్రాణంలాంటి స్నేహితురాలికి కావాలనే ఒంటినీడ నాడు ఒట్టు వేసింది ఆమె. ఆ రోజు రెండు నీడలు ఉన్నాయని తెలుస్తుంది. గోడ వైపు తిరిగి, "నాకు తెల్వదు. తెలిస్తే ఆ దినం పిలవకపోదును. నన్ను మాఫ్ చెయ్" అని గోడకు చెబుతుంది. స్నేహితురాలి దగ్గరికి మాత్రం పోదు.

లెక్క ఒక్క రోజు కూడా తప్పలేదు. ఎంత బాగా కట్టిందో.

రచన, గళం: దీప్తి. పొద్దులెక్క: జయంత్.

నాకు చెప్పాల్సిన మాట ఊరందరికీ చెప్పింది. నా ఒక్కదానికే చెప్పలేదు. నా గురువారాన్ని కూడా తీసుకెళ్లి ఒక భాగం చేసేసింది, జనం కింద చప్పట్ల బొమ్మలు పెడుతున్నారు. ఒట్టు పడిందని తెలియక చేసిందని ఇన్నాళ్లూ ఏదో ఒక మూల అనుకుంటూ వచ్చాను. ఇప్పుడు తెలిసే పేరు మార్చలేదు. ఇంత నొప్పి మేడ మీద కూడా లేదు.

సాయంత్రం నాన్న రేడియో ముందు కూర్చున్నట్టు ఫోన్ ముందు కూర్చుని ఆఖరిదాకా విన్నారు. "ఇవాళా రాలేదమ్మా నీ పేరు" అన్నారు. ఆ లెక్క ఎవరిదో ఆయనకు తెలుసు. నేను డిగ్రీలో ఉన్నప్పుడు ఆయన షిఫ్టు చార్టు వెనకాలే కదా నెలల పేర్లు రాసుకున్నాను. అడగరు. నేనే చెప్పాలని చూస్తున్నారు.

జూలై 9.

పొద్దున్నే మెసేజ్ పెట్టడం మానలేదు. అలవాటు. బొటనవేలి బొమ్మ వస్తూనే ఉంది.

జూలై 17, గురువారం.

పొద్దున్న లేచేసరికి దీప్తి మెసేజ్ ఉంది. 'హ్యాపీ బర్త్‌డే', పక్కన కేకు బొమ్మ. అంతే. దీనికోసమే దాచి ఉంటుందని రాసుకున్నాను కదా నేను, మొదటి రోజు.

రెండింటికి షిఫ్టు దిగి గేటు బయటికొచ్చాను. వారం రోజుల ముసురు తర్వాత ఎండ ఫెళ్లున కాస్తోంది. బస్సు రాలేదు. తల వంచి నేల చూశాను. నా లెక్కన ఇవాళ రెండు నీడలు. కాళ్ల దగ్గర ఒక్కటే ఉంది. అంకిత కాళ్ల దగ్గరా ఒక్కటే. సెక్యూరిటీ అతనిదీ, లారీలదీ, అందరిదీ.

ఇక్కడ ఎప్పుడూ ఒక్కటే కదా. చిన్నప్పటి నుంచీ చూస్తున్నదే, ఇవాళే కనబడింది. చెరుకురసం బండి దగ్గర మేం నిలబడ్డ రోజున కూడా ఒక్కటే ఉండి ఉంటుంది. దీప్తికి ఇది ఎప్పుడో తెలుసు. అది ఈ ఎండలోనే బతికింది, అక్కడి లెక్కను అవసరమైనప్పుడు వాడుకుంది. రెండు నీడలున్నాయని నమ్మి ఒట్టుకు కట్టుబడి కూర్చున్నది నేనొక్కదాన్నే.

అంకితను ఫిర్యాదు ఎక్కడ పెట్టాలో చూపించమన్నాను. అదే ఎండలో, బస్సు వచ్చేలోపు పెట్టేశాను. పాత మెసేజ్‌లు జత చేశాను. లక్ష్మీప్రసన్న అని నా పూర్తి పేరు రాశాను. ఇక పంపే బటన్ ఒక్కటే మిగిలింది. అది నొక్కానంటే ఆ గురువారం అక్కడ రెండు నీడలు లేవని నేను ఒప్పుకున్నట్టే. ఇన్నేళ్లలో ఏ రోజూ అక్కడ రెండు నీడలు లేవని ఒప్పుకున్నట్టే.

నొక్కాను.

ఇంటికొచ్చాక నాన్నకు చెప్పాను, పేరు వస్తుంది నాన్నా, కాస్త టైం పడుతుంది అని. ఆయన సంతోషంగా తలూపారు. నాకు మాత్రం సంతోషం కలగలేదు. దీప్తి నా దగ్గర్నుంచి లెక్కను తీసుకుంది. ఆ లోకాన్ని ఇవాళ గేటు దగ్గర నేనే వదిలేసి వచ్చాను.

పైన తేదీ ఒక్కటే రాశాను. రెండోది, అక్కడి రోజు, రాయబోయి, పెన్ను మూత పెట్టేశాను.